ఎథీయోనిజం: ఒక్క వాక్యంలో మిగిలిన మాట

"గాడ్ వుడ్ నాట్ లాంగ్ సఫర్ దిస్ ఇంపైటీ, ఆర్ రాదర్ ఎథీయోనిజం."

పదహారో శతాబ్దపు ఇంగ్లీషు వాక్యమిది. చివరి మాట ఇవాళ ఇంగ్లీషు పుట్టుభాషగా ఉన్నవాళ్ళకే తెలియదు. పెద్ద నిఘంటువుల్లో వెతికితే దొరుకుతుంది, పక్కన వాడుకలో లేని పదమన్న గుర్తుతో. అర్థం మాత్రం 'ఎథీయిజం' అని ఒక్క ముక్కలో తేల్చేస్తారు. దాన్ని తెలుగులోకి తెచ్చుకుంటే నాస్తికత్వం. పని అయిపోయిందనుకుని ఆ అర్థంతో వాక్యాన్ని తెలుగు చేసి చూడండి: "ఈ అపచారాన్ని, కాదు, ఈ నాస్తికత్వాన్ని దేవుడు ఎంతోకాలం సహించడు." పంటికింద రాయి తగులుతుంది. అపచారం చేసేది. నాస్తికత్వం నమ్మేది, వాదించేది. మొదటి మాట చాలదని దాన్ని దిద్ది రెండో మాట ఎందుకు వేశాడు? ఆ రాయి ఎక్కడిదో వెతుక్కుంటూ వెళితే గ్రీకు దగ్గర్నుంచి మన ముదునూరు దాకా పోవలసి వచ్చింది.

ముందు ఆ వాక్యం ఎక్కడిదో చూద్దాం. పొలిడోర్ వెర్జిల్ అని ఒక ఇటాలియన్ పండితుడు, ఊరు ఉర్బీనో. పోపుకి ఇంగ్లండు నుంచి ఏటా వెళ్ళే 'పీటర్స్ పెన్స్' చందా వసూలు చూసే అధికారికి సహాయకుడిగా 1502లో అక్కడికి వెళ్ళాడు. వెళ్ళినవాడు దాదాపు యాభై ఏళ్ళు ఉండిపోయాడు. ఏడవ హెన్రీ రాజు ప్రోత్సాహంతో ఇంగ్లండు చరిత్రని లాటిన్‌లో రాశాడు. అది 1534లో స్విట్జర్లాండులోని బాసెల్‌లో అచ్చయింది. ట్రాయ్ వంశపు బ్రూటస్ వచ్చి బ్రిటన్‌ని స్థాపించాడన్న కథని, ఆర్థర్ రాజు గురించి చెప్పుకునే విజయగాథల్ని అతను నమ్మలేదు. ఆ సంగతి రాసినందుకు అక్కడి పండితులు చాలామంది పరాయివాడు మన పూర్వీకుల్ని అవమానించాడని మండిపడ్డారు. 1553లో ఇటలీకి తిరిగి వెళ్ళి, 1555లో సొంత ఊళ్ళోనే కన్నుమూశాడు.

ఎథీయోనిజం అతని మాట కాదు. అతను రాసింది లాటిన్. ఆ లాటిన్ చరిత్రని ఆ శతాబ్దంలోనే ఎవరో ఇంగ్లీషు చేశారు. పేరు తెలియని ఆ అనువాదకుడి చేతిరాత ప్రతి రాజుగారి గ్రంథాలయంలో చేరి, అక్కణ్ణుంచి బ్రిటిష్ మ్యూజియానికి వచ్చింది. దాన్ని సర్ హెన్రీ ఎలిస్ పరిష్కరించగా, నార్మన్ దండయాత్రకి ముందటి కాలాన్ని చెప్పే మొదటి ఎనిమిది భాగాలని కామ్‌డెన్ సొసైటీ 1846లో అచ్చువేసింది. మన వాక్యం ఆ సంపుటంలోది.

ఈ వివరం ఎందుకు ముఖ్యమంటే, ఇంటర్నెట్‌లో ఎక్కడ చూసినా "నాస్తికత్వానికి ఇంగ్లీషులో తొలి మాట, 1534" అని కనిపిస్తుంది. ఆ 1534 లాటిన్ పుస్తకం మొదటిసారి అచ్చయిన సంవత్సరం. ఇంగ్లీషు మాట ఉన్నది దాని అనువాదంలో. మూలం అచ్చయిన ఏడాదిని అనువాదంలోని మాటకి పుట్టినతేదీగా తగిలించడం పొరపాటు. పదహారో శతాబ్దపు మాట అనడం వరకు సరే. సంవత్సరం చెప్పవలసి వస్తే 'సుమారు' అనక తప్పదు.

ఇంకో సంగతి నన్ను ఎక్కువగా పట్టుకుంది. ఈ అనువాదం మూడు వందల ఏళ్ళు చేతిరాతలోనే ఉండిపోయింది. షేక్‌స్పియర్ కాలంవాళ్ళు దీన్ని అచ్చులో చదివే అవకాశమే లేదు. వాడుకలో లేని పదమంటే ఒకప్పుడు నలుగురి నోట నలిగి తర్వాత జారిపోయిన మాట అనుకుంటాం. ఎథీయోనిజం అలా నలిగిన మాట కాదు. గ్రీకు తెలిసిన ఒక అనువాదకుడు చేతిలో ఉన్న ఇంగ్లీషు చాలక అప్పటికప్పుడు కట్టుకున్న మాటలా ఉంది. గ్రీకులో 'అథెయోస్' అన్న విశేషణం ఉంది. అందులో 'అ' లేమిని చెబుతుంది, 'థెయోస్' అంటే దేవుడు. దాని నపుంసకలింగ రూపం 'అథెయోన్'. దానికి 'ఇజం' తగిలిస్తే మన మాట వచ్చేస్తుంది. అందుకే నాకు దీన్ని చచ్చిపోయిన మాట అనబుద్ధి కాదు. ఒక్క ఊపిరి పీల్చి ఊరుకున్న మాట అనాలి.

ఇప్పుడు వాక్యం దగ్గరికి వద్దాం. 'ఇంపైటీ, ఆర్ రాదర్ ఎథీయోనిజం.' అన్న మాటని వెనక్కి తీసుకుని ఇంకా గట్టి మాట వేసేటప్పుడు ఇంగ్లీషువాడు 'ఆర్ రాదర్' అంటాడు. మనమూ అంటాం: "అది తొందరపాటు, కాదు కాదు, పొగరు." అక్కడ రెండు మాటలూ ఒకే జాతివి. రెండోది మొదటిదాని మీద ఒక మెట్టు పైన ఉంటుంది. అందుకని ఎథీయోనిజం ఇక్కడ ఇంపైటీ జాతి మాట. ఇంపైటీ అంటే దేవుడిపట్ల, పెద్దలపట్ల, పవిత్రమైనవాటిపట్ల చూపవలసిన భక్తి చూపకపోవడం. అది నడవడికి సంబంధించింది. ఎథీయోనిజం అదే నడవడి ముదిరి, పైన అడిగేవాడు లేడన్నట్టు బరితెగించడం. దేవుడు ఉన్నాడా లేడా అన్న చర్చ ఆ వాక్యంలో ఎక్కడా లేదు. అసలు వాక్యానికి కర్తే దేవుడు. సహించనిది ఆయనే, శిక్షించబోయేదీ ఆయనే. రాసినవాడి లోకంలో దేవుడు ఉన్నాడన్నది సూర్యుడు ఉన్నాడన్నంత మామూలు సంగతి. ఆ వెలుగులో నిలబడి చీకటి పనులు చేసేవాళ్ళ తీరుకి అతను పెట్టిన పేరు ఎథీయోనిజం.

గ్రీకులో మూలపదానికి కూడా ఈ రంగే ఎక్కువ. అథెయోస్ అంటే దేవతలు వదిలేసినవాడు, దేవతలంటే లెక్కలేనివాడు, దేవతలు లేరనేవాడు. మూడర్థాలూ కలగలిసి ఉండేవి. క్రీ.పూ. 399లో సోక్రటీస్ మీద విచారణ జరిగినప్పుడు, ప్లేటో రాసినదాన్నిబట్టి, ఆ చిక్కుముడినే ఆయన నిండు సభలో విప్పాడు. "నేను ఊరివాళ్ళ దేవుళ్ళని కాక వేరే దేవుళ్ళని నమ్ముతున్నానంటావా, అసలు ఏ దేవుణ్ణీ నమ్మనంటావా?" అని ఫిర్యాదుదారు మెలీటస్‌ని అడిగాడు. మెలీటస్ రెండోదే అన్నాడు. కొత్త దైవాలని తెస్తున్నావని ఆరోపించి, మళ్ళీ ఏ దైవాన్నీ నమ్మవంటే పొసగేదెలా అని సోక్రటీస్ నిలదీశాడు. తర్కంలో ఆయనదే పైచేయి అయింది, ప్రాణం మాత్రం దక్కలేదు. ఆ తికమక మెలీటస్ ఒక్కడిదీ కాదు. 'మా దేవుణ్ణి కాదన్నాడు' అన్నదీ 'దేవుణ్ణే కాదన్నాడు' అన్నదీ ఆ మాటలో విడదీయరానట్టు ముడిపడి ఉండేవి.

తర్వాత ఐదున్నర శతాబ్దాలకి అదే మాట క్రైస్తవుల మీద పడింది. రోమన్ దేవతలకి బలులివ్వరు, గుడికి రారు, కాబట్టి వీళ్ళు అథెయోయ్, దేవుడు లేనివాళ్ళు. స్మిర్నా నగరంలో, అంటే ఇవాళ్టి టర్కీలోని ఇజ్మీర్‌లో, ముసలి బిషప్ పోలికార్ప్‌ని పట్టుకొచ్చి, "దేవుడు లేనివాళ్ళు నశించాలి అను, వదిలేస్తాం" అన్నాడు గవర్నరు. తన వాళ్ళని తననోటే శపించమన్నమాట. పోలికార్ప్ స్టేడియంలో గుమిగూడిన జనం వైపు చెయ్యి చూపించి, నిట్టూర్చి, ఆకాశంలోకి చూసి ఆ మాటే అన్నాడు. మాట అదే, తగిలింది అవతలివాళ్ళకి. రోములో జస్టిన్ అనే క్రైస్తవ తత్త్వవేత్త ఇంకాస్త తిన్నగా రాశాడు: మీరు చెప్పే దేవుళ్ళ విషయంలో మేము అథెయోయ్‌లమే, ఒప్పుకుంటాం, నిజమైన దేవుడి విషయంలో కాదు.

తెలుగు పాఠకుడికి ఈ గ్రీకు మాట కొత్తదేం కాదు. కొత్త నిబంధనలో అది ఒకే ఒక్కచోట వస్తుంది, ఎఫెసీయులకు రాసిన పత్రిక రెండో అధ్యాయం పన్నెండో వచనంలో. మన పాత తెలుగు బైబిలు దాన్ని 'లోకమందు దేవుడు లేనివారు' అని అనువదించింది. నాస్తికులు అనలేదు. ఆ వివేకానికి చేతులెత్తి దండం పెట్టాలి. అక్కడ పౌలు చెబుతున్నవాళ్ళు నాస్తికులు కారు. ఎఫెసు పట్టణంలో ఆర్తెమిదేవి గుడి లోకప్రసిద్ధం, ఆ ఊరివాళ్ళకి దేవతలకి కొదవ లేదు. పౌలు లెక్కలో వాళ్ళకి అసలైన దేవుడు లేడు, అంతే. అదే బైబిలు, రోమీయుల పత్రికలో గ్రీకు 'అసెబెయా' వచ్చినచోట 'భక్తిహీనత' అంది. లాటిన్‌వాళ్ళు ఇంపియెటాస్ అన్నదీ, ఇంగ్లీషువాళ్ళు ఇంపైటీ అన్నదీ అదే. అంటే మన అనామక అనువాదకుడు పక్కపక్కన పెట్టిన రెండు భావాలకీ తెలుగులో ఎప్పుడో వేరువేరు మాటలు సిద్ధమయ్యాయి.

ఇంగ్లీషు అప్పటికింకా తడుముకుంటూనే ఉంది. ఎలిజబెత్ రాణికి చదువు చెప్పిన రోజర్ ఆస్కమ్ రాసిన ఒక పుస్తకం, ఆయన పోయిన రెండేళ్ళకి, 1570లో అచ్చయింది. ఇటలీకి వెళ్ళి చెడి తిరిగొచ్చే ఇంగ్లీషు కుర్రాళ్ళని అందులో ఏకిపారేశాడు. బతుకులో ఎపిక్యూరియన్లు, అంటే సుఖలోలులు, సిద్ధాంతంలో 'అథెయోయ్' అన్నాడు. ఆ రెండో మాటని ఇంగ్లీషు అక్షరాల్లో రాయలేదు, గ్రీకు లిపిలోనే ఉంచాడు. ఒకప్పుడు ఇంగ్లండులో అలాంటి మనిషీ లేడు, ఇప్పుడు మామూలు ఇంగ్లీషువాళ్ళకి కూడా ఆ మాట తెలిసిపోయిందని బాధపడ్డాడు. ఏడాది తిరక్కుండా, 1571లో, ఆర్థర్ గోల్డింగ్ అనే అనువాదకుడు, ప్రొటెస్టెంట్ మతగురువు కాల్విన్ బైబిలు కీర్తనల మీద రాసిన వ్యాఖ్యానాన్ని ఇంగ్లీషు చేస్తూ ముందుమాటలో 'ఎథీస్ట్' అనే మాటని ఇంగ్లీషు బట్టల్లోనే దించాడు. దేవుడు లేడనే ఎథీస్టులు అన్నాడు. మనిషికి పేరు ముందొచ్చింది. ఆ మనిషి దగ్గరున్న సరుకుకి పేరు రావడానికి మరో పదహారేళ్ళు పట్టింది. 1587లో, ఫిలిప్ సిడ్నీ మొదలుపెట్టి చనిపోగా గోల్డింగే పూర్తిచేసిన ఒక ఫ్రెంచి పుస్తకపు అనువాదంలో 'ఎథిజం' అని వచ్చింది. పాఠకుడికి అర్థం కాదేమోనని పక్కనే వివరణ కూడా ఇచ్చాడు: "దట్ ఈజ్ టు సే, అట్టర్ గాడ్‌లెస్‌నెస్." అంటే బొత్తిగా దేవుడన్నది లేకపోవడం.

ఈ 'అట్టర్' అన్న విశేషణం నాకు ముఖ్యంగా కనిపిస్తుంది. బొత్తిగా లేకపోవడం అంటే కొద్దికొద్దిగా లేకపోవడం కూడా ఉంటుందన్నమాట. అభిప్రాయానికి ఈ కొలత కుదరదు. దేవుడు లేడని ముప్పాతిక వంతు అనడం ఉండదు. నడవడికి కొలత ఉంటుంది. పాపభీతి ఒకడిలో కాస్త తక్కువ, ఇంకొకడిలో మరీ తక్కువ, మూడోవాడిలో బొత్తిగా లేదు. కొత్తగా దిగిన ఎథిజం అన్న మాటకీ, చేతిరాత ప్రతిలో నిద్రపోతున్న ఎథీయోనిజానికీ ఆ పూట అర్థం ఇంచుమించు ఒకటే.

మరి ఒకటి నిలబడి రెండోది ఎందుకు పోయింది? అచ్చు మొదటి కారణం. రెండోది, ఫ్రెంచిలో అప్పటికే ఆ కుటుంబం మొత్తం ఉంది, ఇంగ్లీషువాళ్ళు ఒకదాని వెంట ఒకటి దించుకున్నారు. ఎథీస్ట్ ఉంటే పక్కన ఎథీయిజం నప్పుతుంది, ఎథీయోనిజానికి అలాంటి జోడీ లేదు. ఇంతకుమించి అందులో మర్మం లేదు.

నిలబడిన మాట చాలాకాలం తిట్టుగానే బతికింది. ఎవరూ నేను ఎథీస్టునని చెప్పుకునేవారు కారు, పక్కవాడు ఎథీస్టని చెప్పేవారు. నాటకకర్త క్రిస్టఫర్ మార్లో 1593 మే 30న డెట్‌ఫర్డ్‌లో కత్తిపోటుకి చచ్చిపోయే నాటికి అతని మీద ఎథీస్టన్న ఫిర్యాదులు అధికారుల దగ్గర ఉన్నాయి. కేథలిక్కులు ప్రొటెస్టెంట్లనీ, ప్రొటెస్టెంట్లు కేథలిక్కులనీ ఆ మాటతోనే కొట్టుకున్నారు. పాతుకుపోయిన మతాన్నో, మూఢాచారాన్నో ఎదిరించినవాడల్లా అవతలిపక్షం చేత ఎథీస్టుగా ముద్ర వేయించుకుంటాడని ఫ్రాన్సిస్ బేకన్ తన వ్యాసంలో సూటిగా రాశాడు. స్వయంగా ఎథీయిజాన్ని ఖండిస్తూ రాసిన వ్యాసంలోనే ఆ మాట ఉండటం అతని నిజాయితీ. ఆ ముద్రని ఎవరో వేసింది కాక తనకు తానుగా వేసుకుని, ఇది నా తత్త్వం అని నిలబడేవాళ్ళు పద్దెనిమిదో శతాబ్దంలో గానీ రాలేదు. 1811లో ఎథీయిజాన్ని సమర్థించే చిన్న కరపత్రం విషయంలో కవి షెల్లీని ఆక్స్‌ఫర్డ్ నుంచి వెళ్ళగొట్టారు. అతని నాటికి మాట అర్థం పూర్తిగా ఇటు మళ్ళింది: నమ్మకం, వాదం, సిద్ధాంతం. మొదట వాక్యంలో పంటికింద రాయిలా తగిలింది ఇదే. పాత మాటకి కొత్త అర్థం పెట్టి చదివాం.

రాయికి ఇంకో కొస మన వైపు ఉంది. తెలుగులో మనం వాడే నాస్తిక శబ్దం కూడా ఇలాగే రంగులు మార్చుకున్నది. పాణిని సూత్రం 'అస్తి నాస్తి దిష్టం మతిః'. ఉంది అనే బుద్ధి కలవాడు ఆస్తికుడు, లేదు అనే బుద్ధి కలవాడు నాస్తికుడు. ఏముంది, ఏం లేదు? పాణిని సూత్రాలకి వ్యాఖ్యానమైన కాశికావృత్తి చెప్పిన జవాబు పరలోకం. మనుస్మృతి 'నాస్తికో వేదనిందకః' అంటుంది, అక్కడ కొలబద్ద వేదం. రెండుచోట్లా ఈశ్వరుడి ఊసు లేదు. అందుకే ఈశ్వరుడితో పని లేకుండా లోకాన్ని వివరించిన సాంఖ్యులూ, సృష్టికర్తని ఖండించిన మీమాంసకుడు కుమారిలభట్టూ ఆస్తికుల లెక్కలోకి వస్తారు. వేదప్రమాణాన్ని ఒప్పుకోని బౌద్ధులు, జైనులు, చార్వాకులు నాస్తికులవుతారు. దేవుడు లేడనడానికి సంస్కృతంలో విడిగా నిరీశ్వరవాదం ఉంది. ఇంగ్లీషు ఎథీయిజానికి జవాబుగా మనం నాస్తికత్వాన్ని నిలబెట్టాక, ఈ తేడాలన్నీ ఆ మాట కింద కప్పబడిపోయాయి. వాడుకలో ఇప్పుడు అదే స్థిరపడింది, దాన్ని మార్చమని నేను అనను. పాత పాఠాలు అనువదించేటప్పుడు మాత్రం కింద ఏముందో తెలిసి ఉండాలి.

ఇంతకీ గాడ్‌లెస్‌నెస్, ఎథీయిజం రెండూ ఒకటేనా అన్న ప్రశ్న మన తెలుగువాడి ముందుకే ఒకసారి వచ్చింది. అడిగినవాడు గాంధీ, చెప్పినవాడు గోరా. గోపరాజు రామచంద్రరావు వృక్షశాస్త్రం పాఠాలు చెప్పే ఉద్యోగం వదులుకుని, 1940లో కృష్ణా జిల్లా ముదునూరులో నాస్తిక కేంద్రం పెట్టాడు. 1947లో అది విజయవాడ పటమటకి మారింది. 1944లో సేవాగ్రామ్‌లో గాంధీని కలిసినప్పుడు జరిగిన సంభాషణని గోరాయే తర్వాత ఇంగ్లీషులో రాశాడు, 1951లో నవజీవన్‌వాళ్ళు అచ్చువేశారు. ఎథీయిజానికీ గాడ్‌లెస్‌నెస్‌కీ తేడా ఏమిటని గాంధీ అడిగాడు. గాడ్‌లెస్‌నెస్ లేమిని చెప్పే మాట, అది దేవుణ్ణి కాదని ఊరుకుంటుంది; ఎథీయిజం భావాన్ని చెప్పే మాట, దేవుణ్ణి కాదన్నాక మనిషికి మిగిలే స్థితిని అది నిలబెడుతుంది అన్నది గోరా జవాబు సారాంశం. ఆ స్థితి ఆత్మవిశ్వాసం, స్వేచ్ఛాసంకల్పం. రూపంలో 'కాదు' ఉన్నంతమాత్రాన అర్థం శూన్యం కాదంటూ గాంధీకి గాంధీ మాటలే గుర్తుచేశాడు: అహింస, సహాయ నిరాకరణ. వాటిలోనూ 'అ' ఉంది, నిరాకరణ ఉంది. అవి ఉత్త లేమిని చెప్పే మాటలని గాంధీ ఒప్పుకోగలడా?

నాలుగు వందల ఏళ్ళ కిందట గోల్డింగ్ ఒక మాటకి ఇంకొకటి అర్థంగా రాసిన జంటని, గోరా ఇలా రెండుగా చీల్చాడు. గోల్డింగ్‌కి రెండూ చెడు నడతకి పేర్లు. గోరాకి ఎథీయిజం నీతికి పునాది. దేవుడు చూస్తాడన్న భయం మీద కాక మనిషికి మనిషి బాధ్యత మీద నిలిచే నీతి. కుగ్రామంలో సహపంక్తి భోజనాలు పెట్టి, కులం పట్టింపుల్ని ఎదిరించిన మనిషి చెప్పిన అర్థమది. దాన్ని తెచ్చి ఆ పాత వాక్యంలో 'నాస్తికత్వం' అని పెడితే, అటు పాత అనువాదకుడికీ న్యాయం జరగదు, ఇటు గోరాకీ జరగదు.

కాబట్టి ఎథీయోనిజానికి తెలుగులో ఏమనాలి? 'దేవుడు లేనితనం' అనొచ్చు, అక్షరాలా సరిపోతుంది, కానీ వాక్యంలోని కోపం అందులో లేదు. 'భక్తిహీనత' ఇంపైటీకి ఇచ్చేశాం. 'దైవద్రోహం' దగ్గరికి వస్తుంది గానీ, ద్రోహానికి ఒక దైవాన్ని ఒప్పుకోవాలి. తప్పు చేసినవాణ్ణి మన పల్లెల్లో పెద్దవాళ్ళు ఇప్పటికీ అడిగే మాట ఒకటుంది: "దేవుడనే భయం లేదట్రా నీకు?" అలా అడిగే అవ్వ వాడి తత్త్వశాస్త్రం గురించి అడగడం లేదు. వాడు రోజూ గుడికి వెళ్ళేవాడైనా అడుగుతుంది. పదహారో శతాబ్దపు ఆ పేరు లేని అనువాదకుడు వెతుక్కున్న అర్థం సరిగ్గా ఆ అవ్వ నోట్లో ఉంది.

నేనైతే ఇలా తెలుగు చేస్తాను: "ఈ భక్తిహీనతని, భక్తిహీనత అంటే చాలదు, దేవుడనే భయమే లేని ఈ బరితెగింపుని, దేవుడు ఎంతోకాలం సహించడు."